ఆవిడ కాదని చెప్పిన మనిషి

మా ఎదురింటి బాబాయి గారు పోయారని నాకు అపార్ట్‌మెంట్ గ్రూపులో తెలిసింది. "మూడో ఫ్లోర్ పెద్దాయన కాలం చేశారు. ఫ్రీజర్ బాక్స్ వస్తోంది. గేటు దగ్గర కార్లు పెట్టినవాళ్ళు దయచేసి తీయగలరు" అని సెక్రటరీ పెట్టాడు. కింద దణ్ణాల బొమ్మలు బారులు తీరాయి. వాటి మధ్యలో ఎవరో "తెల్ల కారు మాది కాదు" అని కూడా రాశారు.

నేను అప్పుడు రాయదుర్గంలో, ఆఫీసు క్యాంటీన్‌లో ఉన్నాను. తెరిచిన టిఫిన్ డబ్బా మళ్ళీ మూసి, టీమ్ లీడ్‌కి చెప్పి ఆటో ఎక్కాను. కొత్తగూడ దగ్గర ఆటో ఆగిపోయింది. ముందు బస్సు, వెనక బస్సు, పక్కన సిమెంటు లారీ. డ్రైవరు అద్దంలో నా మొహం చూసి, "ఏమైందక్కా, దవాఖానకా?" అన్నాడు.

"కాదన్నా. అయిపోయింది" అన్నాను.

అతను హారన్ కొట్టడం ఆపేశాడు. అంతకన్నా ఏం చేస్తాడు పాపం.

మియాపూర్‌లో మా బిల్డింగు చేరేసరికి ఆయన్ని కింద పార్కింగ్‌లో ఉంచారు. పెట్టె అద్దం మీద ఆవిరి పడుతుంటే పిన్ని గారు కొంగుతో తుడుస్తున్నారు. తుడిచిన కాసేపటికే మళ్ళీ మసక. "మొహం కనపడ్డంలేదమ్మా" అన్నారు నన్ను చూసి. నేనూ పక్కన కూర్చుని చున్నీతో తుడిచాను.

ఆయన సినిమా దర్శకుడు. పేరు చెబితే కాస్త వయసు మళ్ళిన మగవాళ్ళు కొందరు నవ్వును పెదవుల కింద దాచుకుంటారు. పొద్దుటాట మాత్రమే ఆడే, పోస్టరు మీద ఎర్ర అక్షరాలతో 'పెద్దలకు మాత్రమే' అని ఉండే సినిమాలు ఆయనవి. మా బిల్డింగులో చాలామందికి ఆయన రిటైరైన గవర్నమెంటు ఉద్యోగి. ఆయన అలా చెప్పుకోలేదు. వాళ్ళే అనుకున్నారు, ఆయన దిద్దలేదు.

మేము ఈ ఫ్లాట్‌లో కిరాయికి దిగిన కొత్తలో ఆయనంటే నాకు కోపంగా ఉండేది. మాది సదాశివపేట దగ్గర పల్లె. ఎదురుపడ్డ మనిషిని పలకరించకపోతే మాకు అన్నం అరగదు. ఈయనేమో నేను తలుపు తీయగానే గోడ వైపు తిరిగేవారు. లిఫ్టులో ఉంటే మూలకు తిరిగేవారు. బాల్కనీలో నేను బట్టలు ఆరేస్తుంటే చదువుతున్న పేపరు మడిచి లోపలికి వెళ్ళిపోయేవారు.

"ఏందీయన, మనమంటే గింత చిన్నచూపా?" అన్నాను మా ఆయనతో.

"పెద్దమనిషి, జర ఊకో" అన్నాడు మా ఆయన.

నా ఉద్యోగం గురించి కూడా ఇక్కడ చెప్పాలి. "మా కోడలు ఐటీలో చేస్తది" అని మా అత్తమ్మ ఊళ్ళో చెప్పుకుంటుంది. నిజానికి నేను వీడియోలు చూస్తాను. ఒక పెద్ద వీడియో కంపెనీకి కాంట్రాక్టు పని చేసే ఆఫీసు మాది. జనం ఫిర్యాదు చేసిన వీడియోలు ఒకదాని తర్వాత ఒకటి నా ముందుకు వస్తాయి. ఉంచాలో తీసేయాలో నేను నొక్కాలి. వాటిలో ఏముంటుందో ఇక్కడ రాయను. ఇంట్లోనూ చెప్పలేదు.

ఒకసారి అలాంటిదొకటి చూసి ఇంటికి వచ్చాక తలుపు తీయలేకపోయాను. లోపల నా బిడ్డ ఉంది. అవే కళ్ళతో దాన్ని చూడబుద్ధి కాలేదు. మెట్ల మీద కూలబడ్డాను. బాబాయి గారు పాలప్యాకెట్లు పట్టుకుని పైకి వచ్చి, నన్ను చూసి, అలవాటుగా గోడ వైపు తిరిగారు. అలాగే అడిగారు.

"ఏమ్మా, తాళంచెవి మర్చిపోయావా?"

"లేదంకుల్, ఉంది."

"మరి?"

గోడ వైపు తిరిగి ఉన్న మనిషికి చెప్పడం ఎందుకో తేలికైంది. మొత్తం చెప్పేశాను. ఆ రోజు చూసింది కూడా. ఆయన పాలప్యాకెట్లు ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకున్నారు. చివరికి అన్నారు: "నేను తీసేవాణ్ణమ్మా. నువ్వు తీసేస్తున్నావు."

నాకు అర్థం కాలేదు. ఇంతలో పిన్ని గారు తలుపు తీశారు. ఆవిడకి లోపలి నుంచి అంతా వినబడినట్టుంది. "అంకుల్ ఏంటమ్మా, పరాయివాళ్ళలాగా. బాబాయి గారూ అని పిలువు. ముందు లోపలికి రా, పెసరట్టు వేస్తాను" అన్నారు. ఆ పెసరట్టు తింటుండగానే ఆయన తన కథ చెప్పారు. చెప్పుకోలేని పని చేసే మనుషులు ఆ అంతస్తులో ఇద్దరున్నారని నాకు ఆ సాయంత్రం తెలిసింది.

గోడ వైపు తిరగడం ఎందుకో కూడా తెలిసింది. షూటింగులో 'కట్' అన్న మరుక్షణం ఆయన వెనక్కి తిరిగిపోయేవారట. కెమెరామన్ కూడా తిరగాలి, లైట్ బాయ్ కూడా తిరగాలి. ఆ అమ్మాయి శాలువా కప్పుకుని "సరే సార్" అనేదాకా ఎవరూ ఇటు చూడకూడదు. ఏళ్ళ తరబడి అలా తిరిగీ తిరిగీ, ఆడమనిషి హఠాత్తుగా ఎదురైతే ఆయన మెడ దానంతటదే గోడ వైపు వెళ్ళిపోతుంది. "ఇదొక జబ్బమ్మా ఈయనకి. మా పెళ్ళిలో తలంబ్రాలప్పుడు కూడా ఇంతే" అని పిన్ని గారు నవ్వారు.

ఆయనది రేపల్లె దగ్గర ఊరు. డిగ్రీ సగంలో వదిలి మద్రాసు వెళ్ళారు. కుటుంబకథా చిత్రాలు తీసే ఒక దర్శకుడి దగ్గర అసిస్టెంటుగా చాలా ఏళ్ళు చేశారు. పోయిన షాట్‌లో హీరోయిన్ బొట్టు ఎంత ఉందో ఈ షాట్‌లోనూ అంతే ఉందా అని చూడటం ఆయన పని. కథలు రాసుకుని తిరిగితే వినేవాడు లేడు. చివరికి ఒక చిన్న నిర్మాత కూర్చోబెట్టి కాఫీ ఇప్పించి, "కథ నీ ఇష్టం. పోస్టరుకి మాత్రం నాకొక వానపాట, ఒక స్నానం కావాలి" అన్నాడట.

"కథ నీ ఇష్టం అన్నాడమ్మా. ఆ మాట అప్పటిదాకా నాతో ఎవరూ అనలేదు" అన్నారు బాబాయి గారు. ఆ మాట చెప్పేటప్పుడు, అన్నేళ్ళ తర్వాత కూడా, ఆయన మొహంలో వెలుగు కనిపించింది.

జపాన్‌లో ఇలాంటి సినిమాలు తీస్తూనే పని నేర్చుకుని పెద్ద దర్శకులైనవాళ్ళు ఉన్నారని మద్రాసులో ఫిల్మ్ సొసైటీ కుర్రాళ్ళు చెప్పుకునేవారట. ఆ మాట పట్టుకుని ఆయన మహాబలిపురం రోడ్డులో, అద్దెకు తీసుకున్న బంగళాల్లో, ఒకదాని తర్వాత ఒకటిగా అలాంటి సినిమాలే తీస్తూ పోయారు. "వాళ్ళకది మెట్టు. నాకు అదే ఇల్లైపోయింది" అనేవారు.

కానీ ఒక సినిమా గురించి మాట్లాడేటప్పుడు మాత్రం ఆయన గొంతు మారేది. గోదావరి రేవులో టీ కొట్టు పెట్టుకున్న వితంతువు కథ అది. పడవ నడిపే మనిషి రోజూ ఆ కొట్టు దగ్గర ఆగుతాడు. అంతే కథ. తెనాలి నాటకాల నుంచి వచ్చిన ఒక అమ్మాయి వితంతువుగా వేసింది. ఎండలో వచ్చిన ఆ మనిషి చెంబెత్తి గటగటా నీళ్ళు తాగుతాడు. కదులుతున్న అతని గొంతు వైపు ఆమె చూస్తుంది. "కోరిక అంటే బట్టలిప్పడం కాదమ్మా. ఎదుటి మనిషి నీళ్ళు తాగుతుంటే అతని గొంతు వైపు చూడటం. ఆ పిల్ల ఎంత బాగా చూసిందనుకున్నావు! కట్ చెప్పడం మర్చిపోయాను నేను."

ఆ సినిమా విడుదలయ్యాక సికింద్రాబాద్‌లో ఒక థియేటర్‌కి ఆ అమ్మాయినీ, వాళ్ళ నాన్నగారినీ వెంటబెట్టుకుని వెళ్ళారు. హీరోయిన్‌గా ఆమెకదే మొదటి సినిమా. నాన్నగారు ఇస్త్రీ చొక్కా వేసుకొచ్చారట. ఆ నీళ్ళ సీను వచ్చింది. దాని వెనకే తెర మీద రంగు మారింది. ఏదో గది, ఎవరిదో మంచం, మొహం కనబడని ఆడమనిషి ఒంటి మీద నూలుపోగు లేకుండా. బిట్ అంటే ఏమిటో ఈ కాలం పిల్లలకు తెలియకపోవచ్చు. సెన్సారు అయిపోయిన రీళ్ళ మధ్యలో, ఇంకెవరో ఇంకెక్కడో తీసిన ముక్కను అతికించి ఆడించేవారు. చూసేవాడికి అది హీరోయినే అనిపించాలి, అదీ లెక్క.

బాబాయి గారు లేచి నిలబడి, "ఇది నాది కాదు! ఆవిడ కాదు!" అని అరిచారట. హాలంతా ఈలలు. "కూచోవయ్యా, తల అడ్డమొస్తోంది" అని వెనక నుంచి ఎవరో భుజం పట్టి కిందికి నొక్కారు. పక్కకి చూస్తే నాన్నగారి సీటు ఖాళీ. ఆ పెద్దాయన రోడ్డు దాటి, బస్సెక్కి, కూతుర్ని అక్కడే వదిలి వెళ్ళిపోయారు. తర్వాత బతికినన్నాళ్ళూ ఆమెతో మాట్లాడలేదు.

ఆమె బాబాయి గారిని ఒక్కటే అడిగింది. "అది నేను కాదని మీరు నలుగురిలో చెప్పండి సార్. నేను చెబితే ఎవరు నమ్ముతారు?"

ఆయన ఒక సినిమా వారపత్రికకు వెళ్ళి చెప్పారు. వాళ్ళు అచ్చు వేశారు కూడా. 'అది ఆమేనా? కాదా?' అని పెద్ద హెడ్డింగు పెట్టి, పక్కనే ఆ బొమ్మే వేశారు. డిస్ట్రిబ్యూటరును నిలదీస్తే, "నీ సినిమా ఆడుతున్నదే దానివల్ల గురూ" అన్నాడట. ఆ అమ్మాయి సినిమాలు వదిలేసి రాజమండ్రి వెళ్ళి కుట్టుపని నేర్చుకుంది. అన్నీ తెలిసిన ఒక మంచి మనిషి ఆమెను పెళ్ళి చేసుకున్నాడు. కొడుకు, మనవరాలు. బాబాయి గారు ఇంకొన్ని సినిమాలు తీసి, మానేసి, హైదరాబాద్ వచ్చి సీరియళ్ళకు మాటలు రాసుకున్నారు. ఏటా ఉగాదికి ఆవిడ ఫోన్ చేసేది. పిన్ని గారే ముందు మాట్లాడి తర్వాత ఆయనకు ఇచ్చేవారు.

ఆ సాయంత్రం తర్వాత నేను ఆఫీసు నుంచి వచ్చి ముందు వాళ్ళింటికి వెళ్ళడం అలవాటైంది. ఏం చూశావని ఆయన మళ్ళీ ఎప్పుడూ అడగలేదు. "ముందు కళ్ళు కడుక్కో" అనేవారు. కడుక్కుని వస్తే ఏదో ఒకటి చూపించేవారు. చింతపండులో పిక్కలు తీస్తున్న పిన్ని గారి వేళ్ళు. ఎదురు బిల్డింగుకి రంగు వేసే మనిషి నడుముకు తాడు బిగించుకునే తీరు. "కాసేపు దీన్ని చూడు. ఇవాళ నువ్వు చూసినవాటిలో ఇది కూడా ఉండాలి కదా" అనేవారు. ఆ తర్వాతే మా తలుపు తీసి నా బిడ్డను ఎత్తుకునేదాన్ని. నేను ఆ ఉద్యోగంలో ఇంకా పిచ్చిదాన్ని కాకుండా ఉన్నానంటే ఆయన చలవే.

పోయిన ఎండాకాలంలో ఉగాది కాని రోజున రాజమండ్రి నుంచి ఫోన్ వచ్చింది. ఆ పాత బిట్ మళ్ళీ తిరుగుతోంది. తిరగడం కొత్త కాదు. ఈసారి ఎవరో కంప్యూటర్‌తో దాన్ని శుభ్రం చేసి, మొహం లేని చోట ఆవిడ మొహం పెట్టారు. టీ కొట్టు సీన్లలోంచి తీసుకున్న మొహం. పెదవులు కదులుతాయి, కళ్ళు మూసుకుంటాయి. మనవరాలి కాలేజీ గ్రూపులో వచ్చిందట.

బాబాయి గారు ఫోన్ పట్టుకుని మా తలుపు దగ్గరకు వచ్చారు. గోడ వైపు తిరగలేదు, నా మొహంలోకి చూశారు.

"ఇన్నాళ్ళూ దాంట్లో మొహం లేదమ్మా. నాకున్న సాక్ష్యం అదొక్కటే. ఇప్పుడు మొహం కూడా పెట్టేశారు. నువ్వొక్క నొక్కు నొక్కితే పోతుంది కదూ?"

ఏం చెప్పను? నా ముందుకు ఏ వీడియో రావాలో యంత్రమే నిర్ణయిస్తుంది. నేనుగా వెతికితే ఉద్యోగం పోతుంది. పోతే పోయిందని వెతికినా, నా స్క్రీన్ మీద లేనిదాన్ని తీసే దారి లేదు. టీమ్ లీడ్‌ని అడిగాను. "అది మన వంతుకి వచ్చే క్యూలో లేదు మేడమ్. మీరు మామూలు యూజర్‌లా రిపోర్ట్ కొట్టండి, అంతే" అన్నాడు. అతని తప్పేం లేదు. అక్కడ అంతకు మించి అతనికీ తెలియదు.

రిపోర్ట్ కొట్టాను. మా ఆయనతో కొట్టించాను. వీడియోలో ఉన్న మనిషే వచ్చి, గుర్తింపు కార్డు పక్కన మొహం పెట్టి ఫొటో పంపాలని కంపెనీవాళ్ళు అన్నారు. ఆ మాట ఆవిడకు ఫోన్లో నేనే చెప్పాల్సి వచ్చింది.

"అది నా మొహం కాదని చెప్పడానికి నా మొహమే పంపాలా అండీ?" అన్నారావిడ.

"అవునమ్మా" అన్నాను.

పంపారు. ఒక వీడియో తీసేశారు. సంబరపడేలోపే అదే ముక్క ఇంకో పేరుతో, ఇంకో పాటతో వచ్చింది. దానికి ఫిర్యాదు చేస్తే 'మా నియమాలకు విరుద్ధంగా ఏమీ కనబడలేదు' అని జవాబు. ఎక్కడో ఒక డెస్కు దగ్గర నాలాంటిదే ఎవరో ఆ మీట నొక్కి ఉంటుంది. ఆమెకు ఒక్కో వీడియోకి ఎంత తక్కువ సమయం ఇస్తారో నాకు తెలుసు. తిడదామన్నా నోరు రాలేదు.

చివరికి బాబాయి గారు, తానే కెమెరా ముందు కూర్చుని చెబుతానన్నారు. వాళ్ళమ్మాయి పుప్పాలగూడలో ఉంటుంది, సాఫ్ట్‌వేర్. ఆ ఆదివారం వచ్చింది.

"నాన్నా, మా అత్తగారింట్లో ఎవరికీ తెలియదు."

"నీ పేరు ఎత్తనమ్మా."

"నా పేరు గురించి కాదు నాన్నా. ఇన్నేళ్ళ తర్వాత ఇప్పుడెందుకు? ఎవరడిగారు మిమ్మల్ని?"

"ఆవిడ అడిగింది."

ఆ పిల్ల లేచి వెళ్ళి, ఆయన చొక్కా కాలరు సరిచేసి, పక్కకు వచ్చి నిలబడింది.

బాల్కనీ తలుపు ఎంత తెరవాలో, కుర్చీ ఎక్కడ వేయాలో అన్నీ ఆయనే చెప్పారు. నా ఫోన్ పట్టుకోవడం కూడా నేర్పించారు. అంతా సిద్ధమయ్యాక చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక మోకాళ్ళ మీద పెట్టుకున్నారు. "ఈ సినిమా నేను తీశాను. ఆ ముక్క నేను తీయలేదు. అందులో ఉన్నది ఆవిడ కాదు. ఆవిడ గొప్ప నటి. నా సినిమాలో నటించడం తప్ప ఆవిడ చేసిన పాపం ఏమీ లేదు." అంతే చెప్పి, "కట్" అని ఆయనే అనుకుని, తల గోడ వైపు తిప్పుకున్నారు.

వీడియో పెట్టాం. చాలా కొద్దిమంది చూశారు. రెండు రోజుల తర్వాత ఆయన నా చేత కామెంట్లు చదివించుకున్నారు. దాచుదామనుకున్నాను కానీ ఆయన కళ్ళజోడు పెట్టుకుని పక్కనే కూర్చున్నారు. 'అంకుల్, లింక్ ఉందా?' అని ఒకరు. 'ఫుల్ వీడియో పెట్టండి సార్' అని ఇంకొకరు. కింద ఎవరో నిజంగానే ఆ లింకు ఇచ్చారు.

బాబాయి గారు కళ్ళజోడు తీసి, చాలాసేపు పంచె అంచుతో తుడుచుకున్నారు.

"అప్పుడు కూచోమన్నారు. ఇప్పుడు లింకు అడుగుతున్నారు" అన్నారు.

ఆ తర్వాత కూడా ఆయన మానలేదు. వీడియో కొత్తగా ఎక్కడ కనిపించినా నాకు పంపేవారు. నేను రిపోర్ట్ కొట్టేదాన్ని. ఒకటి పోయేది, ఒకటి వచ్చేది. "ఏం పర్లేదమ్మా, చెబుతూ ఉందాం" అనేవారు. వానలు మొదలయ్యాక ఒక మధ్యాహ్నం, భోజనం చేసి చేయి కడుక్కుంటూ ఛాతీ పట్టుకుని కూర్చుండిపోయారట. చందానగర్ ఆసుపత్రికి తీసుకెళ్ళేలోపే అయిపోయింది.

పార్కింగ్‌లో నేను ఆ అద్దం తుడుస్తుంటే వాళ్ళమ్మాయి వచ్చి నా పక్కన కూర్చుంది. ఫోన్ చూపించింది. 'శృంగార చిత్రాల దర్శకుడు మృతి' అని ఏదో చానెల్ వాళ్ళు అప్పుడే పెట్టేశారు. పైన బొమ్మగా ఆయన ఫొటో సగం, ఆ బిట్ సగం.

"అక్కా, నువ్వు తీసేయగలవా?"

ఆమె చేతిలోంచి ఫోన్ తీసుకుని రిపోర్ట్ కొట్టాను. నా ఫోన్ నుంచీ కొట్టాను. ఆమె తల నా భుజం మీద పెట్టింది. మా ఎదురుగా ఎవరో తెల్ల కారు వెనక్కి తీస్తున్నారు.

పెద్దకర్మ రోజున ఒకావిడ వచ్చింది. అరవై దాటి ఉంటాయి. నేత చీర, చేతిలో చిన్న బ్యాగు, మొహానికి మాస్కు. రాజమండ్రి నుంచి పొద్దున్నే దిగి, ఎవరూ ఎదురురాకుండా తనే వెతుక్కుంటూ వచ్చింది. జనంలో ఒక మూల కూర్చుంది. ఎవరో వడ్డనకు పిలిచినా లేవలేదు. మాస్కు తీయలేదు. పిన్ని గారు దూరం నుంచి ఆ కళ్ళు చూసి గుర్తుపట్టారు. ఏమీ అడగకుండా వెళ్ళి చేయి పట్టుకుని లోపలి గదిలోకి తీసుకెళ్ళారు. అక్కడ కుర్చీలో బాబాయి గారి ఫొటో ఉంది. బంధువుల పిల్లలు ఎవరూ రాకుండా నేను తలుపు దగ్గర నిలబడ్డాను.

ఆవిడ ఫొటో ముందుకు వెళ్ళి మాస్కు తీసింది. నొసటి మీద గీతలు, బుగ్గ మీద మచ్చ, పక్కకు జారిన ముక్కుపుడక. ఫోన్లలో తిరుగుతున్న మొహానికి వయసు రాదు. ఈ మొహానికి వచ్చింది.

"నేనేనండీ" అంది ఫొటోతో.

పిన్ని గారు ఆవిడ వీపు మీద చేయి వేసి నిలబడ్డారు. కాసేపటికి ఆవిడ నా వైపు తిరిగి, "ఇక అది నేను కాదని చెప్పేవాళ్ళెవరూ లేరు కదమ్మా" అంది. నేను ఉన్నానని చెప్పాలనుకున్నాను. ఉండి ఏం చేయగలనో తెలియక తల ఊపాను. ఏమనుకుందో, నా చెంప మీద చేయి వేసింది.

మళ్ళీ మాస్కు పెట్టుకుంది. చెవి వెనక తాడు జారితే పిన్ని గారు సర్దారు. లిఫ్టు దాకా ఇద్దరం వెళ్ళాం. లోపల అప్పటికే మధ్యాహ్నం షిఫ్టుకి ఆఫీసుకు వెళ్తున్న పిల్లలు, మెడల్లో ఐడీ కార్డులు, చేతుల్లో ఫోన్లు. వాళ్ళు తల ఎత్తకుండానే జరిగి చోటిచ్చారు. ఆవిడ మధ్యలో నిలబడింది. తలుపులు దగ్గరకు వస్తుంటే, మాస్కు పైన ఆ రెండు కళ్ళు మాత్రం మా వైపే చూస్తున్నాయి.